రాబోయే నెలసరి నుంచి వెనుకకు లెక్క

అండం బహిష్టు సమయంలోనే విడుదలవుతుందని పంతొమ్మిదవ శతాబ్దపు ఐరోపా వైద్యులు అనేకులు విశ్వసించారు. ఆడకుక్కలలో ఎదకాలపు రక్తస్రావాన్ని స్త్రీల బహిష్టుతో సమానమని భావించడం ఈ పొరపాటుకు ఒక కారణం. అందువల్ల నెల మధ్య రోజులలో గర్భం రాదని చెప్పేవారు. సత్యం దీనికి పూర్తిగా విరుద్ధం. సంతానం కోరినవారు అనువైన రోజులనే వదులుకున్నారు. వద్దనుకున్నవారు గర్భం దాల్చారు.

ఈ చిక్కుముడిని విప్పినవారు జపానులోని నీగాటా నగరపు స్త్రీవైద్య నిపుణుడు క్యూసాకు ఒగినో. శస్త్రచికిత్సల వేళ అండాశయాలను పరిశీలించి, ఆ స్త్రీల నెలసరి తేదీలతో పోల్చి చూశారు. గడచిన బహిష్టు నుంచి ముందుకు కాక, రాబోయే బహిష్టు నుంచి వెనుకకు లెక్కించారు. దానికి 12 నుంచి 16 రోజుల ముందు అండం విడుదలవుతుందని 1924లో ప్రకటించారు. ఆస్ట్రియా వైద్యుడు హెర్మన్ క్నాస్ కూడా స్వతంత్రంగా ఇంచుమించు ఇదే నిర్ణయానికి వచ్చారు.

అండం విడుదలయ్యే రోజు, దానికి ముందరి ఐదు రోజులు గర్భధారణకు అనువైనవని 1995లో వెలువడిన అమెరికా పరిశోధన తేల్చింది. 28 రోజుల చక్రంలో అండం సుమారు 14వ రోజున, 35 రోజుల చక్రంలో సుమారు 21వ రోజున విడుదలవుతుంది. ప్రభుత్వాసుపత్రిలో పనిచేసిన కాలంలో, చక్రం దీర్ఘంగా ఉన్నా 14వ రోజునే నమ్ముకొని నిరాశ చెందిన దంపతులను చూశాను.

ఏడాది ప్రయత్నించినా, భార్యకు 35 ఏళ్లు దాటితే ఆరు నెలలు ప్రయత్నించినా, గర్భం రాకుంటే దంపతులిద్దరూ పరీక్షలు చేయించుకోవాలి. లోపం భర్తలోనూ ఉండవచ్చు. ఆ విచారణ జరగకముందే స్త్రీని గొడ్రాలనడం అజ్ఞానమే కాదు, అన్యాయం కూడా.