పాలమూరు నేలపై అరబ్బీ, పారసీ పదాలు: మతార్థం, పాలనార్థం, జనవ్యవహారం

జోగులాంబ గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూల్ జిల్లాలు 2016 అక్టోబరు 11న ఏర్పడ్డాయి. వీటి భాషాచరిత్ర మాత్రం ఆ సరిహద్దులలో ఇమిడేది కాదు. గద్వాల, వనపర్తి సంస్థానాలు నిజాముకు పేష్కష్ చెల్లిస్తూ తమ లోపలి పాలనను తామే నడుపుకొన్నాయి. నాగర్‌కర్నూల్ తాలూకా నేరుగా నిజాము యంత్రాంగం కింద ఉండేది. గద్వాల, ఆలంపురం తాలూకాలు 1956 వరకు రాయచూరు జిల్లాలోనివి. ఇంతటి వైవిధ్యం గల నేలపై దొరికే అరబ్బీ, పారసీ పదాలన్నింటినీ ‘ఇస్లాం పదాలు’ అని ఒకే గాటన కట్టడం మన పరిశోధనల్లో తరచుగా కనిపించే ధోరణి. దీనివల్ల నష్టపోయేది పదవ్యుత్పత్తి ఒక్కటే కాదు, చరిత్ర కూడా.

మొదట ‘మజహబ్’ను చూద్దాం. అరబ్బీలో దీని మూలార్థం నడిచే దారి. ఇస్లాం ధర్మశాస్త్రంలో ఇది హనఫీ, షాఫయీ వంటి న్యాయసంప్రదాయాలకు పేరు. ఉర్దూలో సామాన్యంగా ‘మతం’ అని అర్థం. హైదరాబాదు రాజ్యంలోని ‘ఉమూరె మజహబీ’ శాఖ మూడవ అర్థంతో ఏర్పడింది. మసీదులతో పాటు దేవాలయాల ధర్మాదాయాలూ దాని పర్యవేక్షణలో ఉండేవి. ఒక గుడి మాన్యానికి సంబంధించిన కాగితంపై ఈ పేరు కనబడగానే దాన్ని ముస్లిం మతశాఖ జోక్యంగా వ్యాఖ్యానించడం పొరపాటు. ‘ఇనాం’, ‘మష్రూతుల్ ఖిద్మత్’ అనే మాటలూ ఇటువంటివే. ఖిద్మత్ అంటే సేవ. ఆ సేవ చేసినవాడు ముజావరో, అర్చకుడో పత్రం మొత్తం చదివితే తప్ప తెలియదు. 1955 నాటి తెలంగాణ ఇనాముల రద్దు చట్టం తరువాత కూడా భూవివాదాలలో ఈ పాత పత్రాలు సాక్ష్యాలుగా నిలుస్తున్నాయి. కాబట్టి వీటి అర్థనిర్ణయం కేవలం పండితచర్చగా మిగలదు.

కాలగణనలో చిక్కు ఇంకా సూక్ష్మమైనది. ‘ఫస్ల్’ అనే మాటకు అరబ్బీ గ్రంథాలలో ‘ప్రకరణం’ అని అర్థం, ‘ఋతువు’ అని మరొక అర్థం. ఉర్దూలో అది పంట. పంటల లెక్కను అనుసరించిన సౌరమాన సంవత్సరం ఫసలీ. చాంద్రమాన సంవత్సరం హిజ్రీ. ఫసలీకి 590 కలిపితే క్రీస్తుశకం వస్తుంది. ఒక పత్రంపై సంవత్సరనామం లేకుండా 1299 అని మాత్రమే ఉన్నదనుకొందాం. అది హిజ్రీ అయితే 1881-82, ఫసలీ అయితే 1889-90. తేడా ఎనిమిదేళ్లే. కానీ ఆ ఎనిమిదేళ్లలోనే జిల్లా కేంద్రం పాలమూరుకు చేరింది (1883), రాజ్యపాలనలో పారసీ స్థానంలోకి ఉర్దూ వచ్చింది (1884). పత్రంలోని భాషనూ, అధికారుల హోదాలనూ ఏ వ్యవస్థతో పోల్చాలన్నది ఈ ఒక్క అంకెపై ఆధారపడుతుంది. తేదీలో ఆజూర్, దై, బహమన్ వంటి నెలపేర్లుంటే ఫసలీ అనీ, మొహర్రం, సఫర్ వంటివి ఉంటే హిజ్రీ అనీ గుర్తించవచ్చు.

జనవ్యవహారానికి వస్తే పదాల ప్రయాణం మరింత ఆసక్తికరం. పారసీలో ‘పీర్’ అంటే వృద్ధుడు. సూఫీ పరిభాషలో శిష్యునికి దారి చూపే గురువు. మన పల్లెల్లో పీరు అంటే మొహర్రంలో నిలబెట్టి, దట్టీలు కట్టి, ఊరేగించే లోహపు ఆలం. క్రీ.శ. 680లో కర్బలాలో అమరుడైన ఇమాం హుసేన్ స్మృతి ఆ పండుగకు మూలం. అందువల్ల ‘పీర్ల పండుగ’ను సూఫీ గురువుల ఉత్సవంగా వివరిస్తే మతశాస్త్రమూ తప్పుతుంది, ఊరి అనుభవమూ తప్పుతుంది. ‘కందూరు’ కూడా అంతే. పారసీ ‘కందూరీ’ భోజనవేళ పరిచే గుడ్డ. ఇక్కడ అది దర్గా వద్ద మొక్కు తీర్చుకొని, మేకను కోసి, బంధుమిత్రులకు పెట్టే విందు. హిందువులూ చేస్తారు. ‘ఉర్సు’ అరబ్బీలో పెళ్లి. సూఫీల దృష్టిలో మరణం పరమాత్మతో కలయిక గనుక వలీ మరణించిన రోజుకు ఆ పేరు వచ్చింది. దానిని ‘వర్ధంతి’ అని అనువదించేవారున్నారు. ఆ మాటలో పెళ్లి సందడి ఏమాత్రమూ మిగలదు. నా దృష్టిలో మన జనం వాడే ‘ఉరుసు జాతర’ అనే జంటపదమే మేలు.

వ్యక్తినామాలలోనూ జాగ్రత్త అవసరం. తుంగభద్రకు ఇరువైపులా హుసేనప్ప వంటి పేర్లు హిందూ కుటుంబాలలో ఉన్నాయి. అవి మొక్కుల పేర్లు. వాటిని బట్టి పాత జాబితాల్లో మతాన్ని లెక్కగట్టడం కుదరదు. ఆలంపురంలో బాదామి చాళుక్యుల నవబ్రహ్మాలయాల చెంత షా అలీ పహిల్వాన్ దర్గా ఉంది. ‘షా’ అనగానే రాజు అనుకోరాదు. అది సూఫీలకు గౌరవవాచకం కూడా. ‘పహిల్వాన్’ పారసీలో వీరుడు, తెలుగులో కుస్తీపట్టేవాడు. ఆ పేరు చదివే పరిశోధకుడు ఏ అర్థాన్ని ఎంచుకొంటాడో, దాన్ని బట్టే ఆ స్థలచరిత్ర యోధుడి కథగానో, సాధువు కథగానో, మల్లుడి కథగానో మారుతుంది.

బ్రౌన్ జిల్లా నిఘంటువు (1852), విల్సన్ రెవెన్యూ పదకోశం (1855) ఇప్పటికీ మనకు తొలి ఆధారాలు. అయితే అవి ప్రధానంగా కంపెనీ పాలనావసరాల కోసం పుట్టినవి. నిజాము రాజ్యపు వాడుకకు వాటిని నేరుగా అన్వయించలేం. ఉర్దూ, పారసీలు ఎరిగి ఆంధ్రుల సాంఘిక చరిత్రను రచించిన సురవరం ప్రతాపరెడ్డి ఈ గద్వాల ప్రాంతంవారే. 1952లో వనపర్తి నుండి శాసనసభకు ఎన్నికైనవారు కూడా. ఆయన తరువాత ఈ మూడు భాషలను ఒకేసారి చదవగల తెలుగు పరిశోధకులు మన విశ్వవిద్యాలయాలలో అరుదయ్యారు. తాలూకా దస్తరాలలోని ఉర్దూ కాగితాలు మాత్రం ఇంకా ఉన్నాయి. కందూరు, దట్టీ, ఆలం వంటి మాటలకు అర్థం చెప్పగల ముజావర్లూ, పీర్లను ఎత్తే వృద్ధులూ ఊళ్లలో ఇంకా ఉన్నారు.