భూపరీక్ష: మూరెడు గోతిలో స్థైర్యనిర్ణయం

గౌతమీ వసిష్ఠా శాఖల నడుమ, వైనతేయం చీల్చుకొని పారే కోనసీమలో పునాదికి ఆధారమయ్యే కొండరాయి లేదు. కొత్తపేట చెంత పలివెలలోని ఉమాకొప్పేశ్వరాలయమైనా, రాజోలు దిక్కున అంతర్వేది లక్ష్మీనరసింహాలయమైనా నిలిచినది గోదావరి తెచ్చిపోసిన ఒండ్రుమీద, సముద్రం చేర్చిన ఇసుకమీద. వరద వచ్చిన ఏడు లంక అంచులు కోసుకొనిపోయే ఈ సీమలో, తరతరాలు నిలవవలసిన దేవాలయానికి ఏ నేల తగినదని తెలుసుకొనడం ఎట్లా? ఈ ప్రశ్నకు వాస్తువిద్య చెప్పిన ప్రథమ సమాధానం ఒక గొయ్యి.

6వ శతాబ్దికి చెందిన వరాహమిహిరుడు బృహత్సంహితలోని వాస్తువిద్యాధ్యాయంలో ఆ విధానాన్ని వివరించాడు. స్థలమధ్యంలో హస్తప్రమాణంగా, అనగా మూరెడు పొడవు, వెడల్పు, లోతు ఉండేట్లు గొయ్యి తీయాలి. తీసిన మన్నుతోనే దానిని పూడ్చాలి. మన్ను మిగిలితే ఉత్తమం, సరిపోతే మధ్యమం, చాలకపోతే అధమం. మరొక విధానంలో గోతిని నీటితో నింపి, నూరడుగులు నడిచి తిరిగి రావాలి. అంతలో నీరు తగ్గకుంటే ఆ భూమి ప్రశస్తం.

ఇందులోని యుక్తి నిగూఢమైనది కాదు. ఏళ్ల తరబడి అణగి గట్టిపడిన నేలను తవ్వినపుడు కణాల మధ్య ఖాళీలు పెరుగుతాయి. మన్ను పొంగుతుంది, మునుపటి గోతిలో పట్టదు. ఎవరో పూడ్చిన నేల, వదులుగా పేరుకొన్న నేల తిరిగి పోసేటప్పటికి కుంగిపోయి వెలితి చూపుతుంది. రెండవ పరీక్ష నేల నీటిని ఎంత త్వరగా పీలుస్తుందో చెబుతుంది. కొలసాధనాలు లేని కాలంలో మూరెడు గొయ్యి, నూరడుగుల నడక అందరికీ అందుబాటులో ఉన్న కొలతలు. మత్స్యపురాణం బీజపరీక్షను కూడా చేర్చింది: దున్నిన నేలలో చల్లిన విత్తులు మూడు రాత్రులలో మొలిస్తే ఉత్తమం, అయిదింట మధ్యమం, ఏడింట కనిష్ఠం. నేటికీ ఉత్సవారంభంలో పాలికలలో జరిగే అంకురార్పణాన్ని చూచినవారికి ఈ ఊహ కొత్తగా తోచదు.

అదే అధ్యాయంలో మరొక కోవకు చెందిన పరీక్షలూ ఉన్నాయి. పచ్చి మట్టిపాత్రలో నాలుగు దిక్కులకు వత్తులు వెలిగించి గోతిలో ఉంచితే, ఏ దిక్కు వత్తి అధికంగా వెలిగితే ఆ దిక్కుకు చెప్పిన వర్ణానికి ఆ భూమి మేలని నిర్ణయం. నాలుగు రంగుల పూలను రాత్రి గోతిలో ఉంచి, ఉదయానికి వాడనిదేదో చూడడం ఇటువంటిదే. ఇవి మన్ను బలాన్ని కొలవవు. నాటి సంఘవ్యవస్థను మన్నుకు అంటగడతాయి. వరాహమిహిరుడు అక్కడే, ఎవరి మనస్సు ఏ స్థలంలో రమిస్తుందో వారికి అది శుభమని చెప్పి ఆ నియమాన్ని సడలించడం గమనార్హం. గోతి పరీక్షకు మాత్రం ఇట్టి సడలింపు లేదు. మన్ను చాలనిచోట యజమాని కులమేదైనా, భక్తి ఎంతటిదైనా ఆ స్థలం అధమమే. గర్భన్యాసాది క్రియలన్నీ భూపరీక్ష తరువాతనే. నేడు వాస్తువంటే సింహద్వారపు దిక్కు చూచి, తవ్వి చూడడం మరచిన వారికి ఈ క్రమం వింతగా తోచవచ్చు.

అయితే కోనసీమ నేల ఈ పరీక్షకు కూడా పరీక్షే. పల్లపు భూములలోని జిగటమన్ను నీటిని పట్టి ఉంచి రెండవ పరీక్షలో నెగ్గుతుంది. కాని అది తడిస్తే ఉబ్బి, ఎండితే బీటలు వారి గోడలను కదిలిస్తుంది. వానకాలంలో మూరెడు తవ్వకముందే పల్లంలో నీరు ఊరే చోట్లున్నాయి. వాస్తువిద్యాధ్యాయం వెనువెంటనే వరాహమిహిరుడు భూగర్భజలాన్వేషణకు వేరొక అధ్యాయాన్ని కేటాయించాడు. ఇక్కడివారికి నీటిని వెదకవలసిన పని ఎన్నడో కాని కలగదు. అందుకే వారు మెరకను నివాసానికి, పల్లాన్ని వరికి విడిచారు. పైగా మూరెడు గొయ్యి మూరెడు లోతునే చూడగలదు. దాని అడుగున ఇసుక ఎంతవరకు ఉన్నదో అది చెప్పదు. ఆలయనిర్మాణంలో నీరు పడేవరకు, లేదా రాయి తగిలేవరకు తవ్వాలన్న శిల్పశాస్త్ర నియమం ఆ కొరతను కొంత తీరుస్తుంది. రాయి లేక, నీరు చేయెత్తు లోతులోనే ఎదురయ్యే సీమలో ఆ నియమం కూడా త్వరగానే ముగిసిపోతుంది.

లోతు తెలియని ఇసుకపై కట్టడం నిలిపే విద్య మరొక డెల్టా నుండి వచ్చింది. 1847 నుండి 1852 వరకు ధవళేశ్వరం ఆనకట్టను నిర్మించిన ఆర్థర్ కాటన్ అంతకుముందు కావేరిపై పనిచేసినవాడు. అంతు చిక్కని ఇసుకలో పునాది వేయడం కావేరి కల్లణను కట్టిన ప్రాచీనుల నుండే తాము నేర్చుకొన్నామని ఆయన తరువాత స్వయంగా వ్రాశాడు. ధవళేశ్వరం వద్ద ఇటుకబావులను ఇసుకలోకి దింపి, వాటిపై ఆనకట్టను నిలిపారు. ఆ శతాబ్ది మధ్యలోనే పి.గన్నవరం వద్ద వైనతేయంపై 49 కమానులతో అక్విడక్టు లేచింది. ఆనకట్ట వద్ద మళ్లిన గోదావరి జలం కాలువగా వచ్చి, ఆ కమానులమీదుగా పాయను దాటి రాజోలు వైపు పొలాలకు చేరింది. నేడు ఆ పని చేస్తున్న నూతన అక్విడక్టుకు అన్నదాత డొక్కా సీతమ్మ పేరు పెట్టారు.