ఆటపెట్టె తాళపుచెవులు

1990ల నడుమ శ్రీకాకుళమున చదువుకొన్నవారికి ‘టి.వి. గేమ్’ అను పెట్టె జ్ఞాపకముండకపోదు. వేసవి సెలవులలో దానిని గంటల లెక్కన అద్దెకు తెచ్చి, టెలివిజనుకు తగిలించి, పైనున్న గాడిలో పసుపుపచ్చని కాసెట్టు గ్రుచ్చి, ఉన్న రెండు మీటల పలకల కొరకు ఆరుగురు పిల్లలము కొట్లాడుకొనెడివారము. కాసెట్టు మీది కాగితమున ‘9999 ఆటలు’ అని అచ్చువేసి యుండెడిది. ఓపికతో లెక్కించినచో నిజమైనవి పది పన్నెండుకు మించవు. తక్కినవన్నియు అవే ఆటలు, పేరు మార్చుకొని మరల వరుసలో నిలుచున్నవి.

ఆ పెట్టె జపానులో నిన్‌టెండో సంస్థ 1983లో విడుదల చేసిన ‘ఫామికామ్’ యంత్రమునకు అనుకరణ. ఈ యంత్రమునే రూపు మార్చి 1985లో అమెరికాకు పంపినపుడు నిన్‌టెండో వారు అందులో ఒక తాళపు చిప్పు నమర్చిరి. యంత్రములో ఒకటి, కాసెట్టులో దాని జోడు. రెండును ఒకే లయలో సంకేతములు మార్చుకొన్నంతసేపే ఆట సాగును; జోడు లేని కాసెట్టు పెట్టినచో యంత్రము మాటిమాటికి మొదటికి వచ్చును. జపాను యంత్రమునకు గాని, మన ఊరికి వచ్చిన అనుకరణలకు గాని ఈ తాళము లేదు. కనుక ఏ కాసెట్టు పెట్టినను ఆడెడిది. ఆటపెట్టెకు తాళమొకటి యుండగలదను ఊహయే మాకు లేకుండెను.

ఆ సంగతి మాకు తెలియవచ్చినది పదేండ్ల పిమ్మట, సోనీ సంస్థ వారి ‘ప్లేస్టేషన్ పోర్టబుల్’ అను చేతియాట యంత్రముతో. దీనిని క్లుప్తముగా పి.ఎస్.పి. అందురు. 2004 డిసెంబరు 12న జపానులో విడుదలయై, కాలక్రమమున లోకమంతట సుమారు 8 కోట్ల ఇండ్లకు చేరిన ఈ యంత్రము చుట్టు జరిగిన తాళపుచెవుల కథయే ఈ వ్యాసమునకు విషయము.

ముందుగా ఫర్మ్‌వేర్ అన నేమో చెప్పవలెను. ఆట యంత్రమును ఒక కంప్యూటరే. విద్యుత్తు అందిన మరుక్షణమున అది మొదట ఏ పని చేయవలెను, తెరను ఎట్లు వెలిగింపవలెను, మీట నొక్కినపుడు ఏమి గ్రహింపవలెను, డిస్కును ఎట్లు చదువవలెను - ఈ ఆదేశములన్నియు తయారీదారు యంత్రములోనే ఒక జ్ఞాపక చిప్పునందు వ్రాసి పంపును. ఇదియే ఫర్మ్‌వేర్. డిస్కు మీది ఆట వలె తీసి మార్చునది కాదు. ఇనుప భాగము వలె ఎన్నటికిని మారనిదియు కాదు. దీనికి అప్పగించిన పనులలో ద్వారపాలకుని పని యొకటి. లోనికి రాదలచిన ప్రతి ప్రోగ్రాము మీదను సంస్థకు మాత్రమే తెలిసిన రహస్య సంఖ్యలతో వేసిన ముద్ర యుండవలెను. ముద్ర లేనిదానిని ఫర్మ్‌వేర్ గుమ్మములోనే నిలిపివేయును. తయారీదారు వ్రాసినదానిని తీసి, ఈ ద్వారపాలకునికి వేరు బుద్ధులు నేర్పి మరల వ్రాసినదే ‘కస్టమ్ ఫర్మ్‌వేర్’.

విచిత్రమేమనగా, పి.ఎస్.పి. తొలి ఫర్మ్‌వేరునకు, అనగా 1.00 అను దానికి, మెమరీ కార్డు వైపున్న గుమ్మమున ద్వారపాలకుడే లేడు. 2005 మే నెలలో ఔత్సాహికులు ఈ సంగతి కనిపెట్టి తమ సొంత ప్రోగ్రాములను కార్డునుండి నడిపించిరి. అమెరికాలో అమ్మిన యంత్రములందు 1.50 ఉండెను, అందులో పరీక్ష వచ్చినది. దానిని దాటిన పద్ధతి మన గారడీవానికి నచ్చునట్టిది. రెండు కార్డులు సిద్ధము చేసికొందురు. మొదటి కార్డులోని ఫైలును యంత్రము పరీక్షించి సరే యనును. ఆ క్షణముననే ఆ కార్డు లాగి రెండవది దూర్చినచో, యంత్రము పరీక్షించినది ఒకటి, నడిపినది వేరొకటి! కొద్దిదినములలోనే కార్డు మార్చు శ్రమ కూడ లేని ఉపాయము వచ్చెను.

సోనీ వారు తరువాత విడుదల చేసిన 2.00లో ఆ కంత పూడ్చబడి యుండెను. ఆ ఏడు సెప్టెంబరులోనే మరియొక కంత బయటపడెను. ఈసారి అది ఛాయాచిత్రములు చూపు భాగమునందున్నది. అడ్డెడు పట్టు పాత్రలో కుంచెడు ధాన్యము పోసిన ఏమగును? పొర్లి ప్రక్కనున్నదానిపై పడును. చిత్రపు ఫైలులో, చెప్పిన కొలతకు మించిన సమాచారము కూర్చి పంపినచో, అది తనకు కేటాయించిన జ్ఞాపకస్థానమును దాటి ప్రక్క గదులలోని అంకెలను చెరిపివేయును. ఆ పొర్లిన భాగములో ఏమి యుండవలెనో జాగ్రత్తగా నిర్ణయించినచో యంత్రము చిత్రము చూపుట మాని మనము వ్రాసిన ఆదేశములను పాటించును. దీని ఆసరాతో 2.00 యంత్రములను మరల 1.50కు దింపిరి. క్రొత్త దానిని వదలి పాతదానికి పోవుటకు జనము ఇంత తహతహలాడుట యంత్రముల చరిత్రలో అరుదు.

ఇవన్నియు తాత్కాలికపు దొడ్డిదారులు. 2006 అక్టోబరులో ‘డార్క్ అలెక్స్’ అను మారుపేరు గల స్పెయిన్ దేశస్థుడు సోనీ వారి ఫర్మ్‌వేరునే ఆధారముగా గొని, దానిలో మార్పులు చేసి, యంత్రములో శాశ్వతముగా నిలుచు కస్టమ్ ఫర్మ్‌వేరును వెలువరించెను. క్రొత్త సౌకర్యములును పోలేదు, గుమ్మమును తెరచుకొనెను. అప్పటినుండి ఆటలను స్థాపించుట ఎంత సులభమైనదో చూడుడు. పి.ఎస్.పి. ఆటలు యు.ఎం.డి. అను చిన్న డిస్కుల మీద వచ్చును, ఒక్కొక్కటి 1.8 గిగాబైట్ల వరకు పట్టును. డిస్కులోని సమాచారమంతయు ఉన్నదున్నట్లు ఒకే ఫైలుగా ఎత్తి వ్రాసి, కార్డులో ఐ.ఎస్.ఓ. అను పేరు గల అరలో ఉంచవలెను. ఆట తెరచినపుడు అది ‘డిస్కులోని ఫలానా భాగము కావలెను’ అని అడుగును. కస్టమ్ ఫర్మ్‌వేర్ ఆ ప్రశ్నను నడుమ పట్టుకొని, డిస్కును త్రిప్పక, కార్డులోని ఫైలు నుండి ఆ భాగమునే తీసి అందించును. ఆటకు ఈ మార్పు తెలియదు. డిస్కు తిరుగదు గనుక బాటరీయు కొంత ఆదా యగును. ఔత్సాహికులు వ్రాసిన సొంత ప్రోగ్రాములకు వేరొక అర. పెద్ద కార్డులు ఖరీదైన ఆ దినములలో ఫైలును కుదించి ఉంచు విధానము కూడ ఏర్పడెను.

ఈ సొంత ప్రోగ్రాములను తక్కువగా చూడరాదు. పి.ఎస్.పి. సొంత పట్టికలలో భారతీయ భాష యొక్కటియు లేదు. ‘బుకర్’ అను ఔత్సాహిక ప్రోగ్రాము పి.డి.ఎఫ్. పుస్తకములను తెరపై చూపెను. అట్టి పుస్తకములో అక్షరముల ఆకారములు పుటతోనే వచ్చును గనుక, తెలుగు పుటను అరచేతి యంత్రమున చదువుటకు అది యొక త్రోవ యయ్యెను. తయారీదారు తలపెట్టని పని ఇది.

అయితే ఫర్మ్‌వేరును తిరిగి వ్రాయునపుడు నడుమ విద్యుత్తు పోరాదు. పాతది సగము చెరిగి, క్రొత్తది సగమే పడినచో, మీట నొక్కినను మొదటి ఆదేశమే యుండదు. యంత్రము చెడిపోలేదు, దానికి ఏమి చేయవలెనో తెలియదు. లోకమంతట దీనిని ‘ఇటుక యగుట’ అందురు. మా పినతండ్రి కుమారుడు 2008 వేసవిలో ఈ ప్రయోగమునకు పూనుకొనెను. యంత్రము తీగకు తగిలించియే యున్నది, బాటరీ నిండుగ నున్నట్లు గుర్తు చూపుచున్నది. కాని వాడి వాడి ముదిరిన బాటరీ గుర్తును నమ్మరాదు. మధ్యాహ్నము కరెంటు పోయెను. బాటరీ ఒక్క క్షణమైనను ఆదుకొనలేదు. “అన్నయ్యా, ఇది రాయైపోనాది” అని వాడు దానిని నా చేతిలో పెట్టినపుడు నిజముగా రాయివలెనే చల్లగా నుండెను. కరెంటు కోతలకు అలవాటుపడిన మా జిల్లాలో ఈ శాస్త్రమునకు ఎదురైన మొదటి ఆటంకము రహస్య సంఖ్యలు కావు.

దాని చికిత్స 2007 ఆగస్టులోనే వెలువడి యుండెను. పి.ఎస్.పి. బాటరీలో ఒక చిన్న జ్ఞాపక చిప్పు కలదు. అందు బాటరీ క్రమసంఖ్య వ్రాసి యుండును. ఆ సంఖ్య స్థానమున అన్ని బిట్లను ఒకట్లుగా నింపినచో, యంత్రము తాను మరమ్మతు బల్ల మీద నున్నట్లు భావించి, లోపలి చిప్పును విడచి, కార్డునుండి మొదటి ఆదేశములు తీసికొనును. కర్మాగారపు పనివారి కొరకు పెట్టుకొన్న రహస్యద్వార మిది. దీనిని కనిపెట్టినవారు ‘పండోరా బాటరీ’ అని పేరిడిరి. విశాఖపట్టణమున చదువుకొనుచున్న స్నేహితుడొకడు అట్టి బాటరీని తెచ్చి మా యంత్రమును లేపినాడు. సగము గంట కూడ పట్టలేదు. సోనీ వారు తదుపరి నమూనాలలో, 2008 చివర వచ్చిన 3000 సంఖ్య గలదానిలోను, ఈ ద్వారమును మూసిరి. ఆ తరువాత ఆ నమూనాలకు చాలకాలము వరకు మార్పు చేసిన ఫర్మ్‌వేరును యంత్రము వేసిన ప్రతిసారి తాత్కాలికముగా ఎక్కించుకొనవలసి వచ్చెను.

కడపటి తాళపుచెవి అనుకోని చోట దొరకెను. పెద్ద యంత్రమైన ప్లేస్టేషన్ 3లో మొదట లైనక్సు స్థాపించుకొను సౌకర్యము ఉండెడిది. అమెరికా వైమానిక దళము వారు ఇట్టి యంత్రములను 1,760 కూర్చి 2010లో ఒక మహాకంప్యూటరు నిర్మించిరి. ఆ ఏడు ఏప్రిల్ 1న సోనీ వారు ఫర్మ్‌వేర్ 3.21 ద్వారా ఆ సౌకర్యమును తొలగించిరి. డబ్బిచ్చి కొన్న వస్తువులోని గుణము కొన్న తరువాత తగ్గిపోవుట వింతయే. ఊరకుండినవారికి కూడ ఇది కోపము తెప్పించెను. డిసెంబరులో బెర్లిన్ నగరమున జరిగిన సభలో ‘ఫెయిల్ ఓవర్‌ఫ్లో’ అను బృందము ఆ యంత్రపు ముద్రలోని లోపమును బోర్డు మీద వివరించెను.

ఆ లోపము గణిత విద్యార్థులకు ఆసక్తికరము. ఆ పద్ధతిలో వేయు ప్రతి సంతకమునకును ఒక క్రొత్త యాదృచ్ఛిక సంఖ్యను ఎన్నుకొనవలెను. ఒక సంతకము చూచినవానికి తెలియనివి రెండు: సంస్థ రహస్య సంఖ్య, ఆనాటి యాదృచ్ఛిక సంఖ్య. సమీకరణము మాత్రము ఒక్కటే. రెండవ సంతకము చూచిన, సమీకరణములు రెండగును గాని అవ్యక్తములు మూడగును. ఎన్ని చూచినను ఒకటి మిగిలియే యుండును. సోనీ వారు ప్రతిసారి అదే సంఖ్యను వాడిరి! అప్పుడు అవ్యక్తములు రెండు, సమీకరణములును రెండు. పాఠశాలలో నేర్పు ప్రకారము ఒకదాని నుండి మరియొకటి తీసివేసినచో యాదృచ్ఛిక సంఖ్యయు, దానినుండి రహస్య సంఖ్యయు బయటపడును. 2011 జనవరిలో జార్జి హాట్జ్ అను అమెరికా యువకుడు ఆ యంత్రపు మూల రహస్య సంఖ్యను ప్రకటించెను. ఆ యంత్రములోనే దాగియున్న పి.ఎస్.పి. రహస్యములును ఆ కాలముననే బయటకు వచ్చెను. సోనీ వారు హాట్జ్ మీద దావా వేసి, ఏప్రిల్‌లో రాజీపడిరి.

ఇక న్యాయాన్యాయముల మాట. ఈ విద్య నెరిగినవారిలో అధికులు పుస్తక పఠనమునకో, పరిశోధనకో దానిని వాడలేదు. ఇతరుల ఆటలను ఉచితముగా దించుకొనుటకే వాడిరి. ఇది కప్పిపుచ్చుటకు వీలులేని నిజము. ఆ నష్టము ఎక్కడో జపానులో మాత్రమే పడలేదు. 2009లో హైదరాబాదునందలి ఆరోనా టెక్నాలజీస్ వారు ప్లేస్టేషన్ 2 కొరకు ‘హనుమాన్: బాయ్ వారియర్’ అను ఆటను తయారుచేసిరి. ఆ యేడే హైదరాబాదునందలి గేమ్‌శాస్త్ర వారి ‘దేశీ అడ్డా’ ప్లేస్టేషన్ 2కును, పి.ఎస్.పి.కిని వచ్చెను, కబడ్డీ, బిళ్లంగోడు, గాలిపటములు మొదలగు మన వీధి ఆటలు అందులోనివి. తొలి అడుగు వేయుచున్న మనవారి డిస్కు కొనక, నకలు ఎక్కించుకొన్నవాడు వారి పొట్ట కొట్టినవాడే యని నా అభిప్రాయము.

అయినను తాళము పూర్తిగా తయారీదారుని చేతిలోనే యుండవలెనని నేననను. డిస్కు త్రిప్పు భాగములు అరుగును, యు.ఎం.డి. చదువు యంత్రములు ఇప్పుడెవరును తయారుచేయుట లేదు. 2021 జూలైలో పి.ఎస్.పి. యంత్రమునుండి నేరుగా కొనుగోలు చేయుటకు మిగిలిన వీలును ముగిసెను. మన కాపీరైటు చట్టము ఈ తారతమ్యమును కొంత గుర్తించినది. 2012 సవరణతో చేరిన 65ఏ సెక్షను, హక్కులను భంగపరచు ఉద్దేశముతో సాంకేతిక రక్షణలను ఛేదించువారికి రెండేండ్ల వరకు జైలుశిక్షయు జరిమానాయు విధించుచున్నది; చట్టము స్పష్టముగా నిషేధింపని ప్రయోజనము కొరకైనచో మినహాయింపు నిచ్చుచున్నది. న్యాయముగా కొన్న ప్రోగ్రామునుండి సొంత ఉపయోగమునకు నకలు తీసికొనుట 52వ సెక్షను ప్రకారము ఉల్లంఘనము కాదు. అమెరికాలో 2021లో ఆట యంత్రముల డిస్కు భాగము మరమ్మతు కొరకు మాత్రము తాళము తీయుటకు అనుమతి దొరకెను. అక్కడి అధికారులు 2012లో ఈ యంత్రముల విషయమున అడిగిన విస్తృత మినహాయింపును త్రోసిపుచ్చియుండిరి.

మా తమ్ముడు 2010లో విశాఖపట్టణమున ‘దేశీ అడ్డా’ డిస్కును కొని, నాటి సాయంత్రమే దానిని కార్డు మీదికి ఎత్తి, డిస్కును అట్టపెట్టెతో సహా బీరువాలో పెట్టెను. మొన్న సంక్రాంతికి వాని కుమారుడు ఆ కార్డునుండి కబడ్డీ తెరచి మా యందరి కంటె ఎక్కువ పాయింట్లు తెచ్చుకొనెను. యంత్రము అదే. బాటరీ మాత్రము మూడవది.