కోనసముద్రం మూసలో మూలకాల కథ

ఫారడేకు అంతుచిక్కని ఉక్కును కోరుట్ల, మెట్‌పల్లి పక్క పల్లెలో కమ్మరులు పోశారు

1820ల మొదట్లో హెన్రీ వెస్లీ వాయ్సీ అనే ఇంగ్లిష్ వైద్యుడు కోనసముద్రం వచ్చాడు. లాంబ్టన్ నడిపిన మహా త్రికోణమితి సర్వేలో ఆయన వైద్యుడే కాదు, భూగర్భ శాస్త్రజ్ఞుడు కూడా. ఈ ఊరు ఇప్పుడు నిజామాబాద్ జిల్లా కమ్మర్‌పల్లి మండలంలో ఉంది. అక్కడ ఆయనకు కొలిముల దగ్గరే మకాం వేసిన పారశీక వర్తకుడు కనిపించాడు. ఇస్ఫహాన్ నుంచి వచ్చిన హాజీ హుసేన్ అనే ఆ వర్తకుడు ఉక్కు ముద్దలను స్వయంగా పరీక్షించి, తూకం వేయించి కొనేవాడు. ఇలాంటి ఉక్కును తమ దేశంలో చేయబోయి విఫలమయ్యామని వాయ్సీతో చెప్పాడు. వాయ్సీ 1824లో చనిపోయాడు. ఆయన రాసిపెట్టిన వివరాలు 1832లో బెంగాల్ ఏషియాటిక్ సొసైటీ పత్రికలో అచ్చయ్యాయి.

పర్షియా చేయలేకపోయింది. ఆ రోజుల్లోనే లండన్, పారిస్ ప్రయోగశాలలు కూడా ఈ ఉక్కుతో తలపడుతున్నాయి. మూలకాల చరిత్రలో మన ప్రాంతానికి చోటు దక్కేది ఇక్కడే.

మూడు పాళ్లు, రెండు పాళ్లు

కోనసముద్రం కమ్మరులు ఒకే రకం ఇనుము వాడలేదు. మెట్‌పల్లి ఇనుము మూడు పాళ్లు, కొండాపూర్ ఇనుము రెండు పాళ్లు కలిపేవారని వాయ్సీ రాశాడు. ఆ ముక్కలను మట్టి మూసలో పెట్టి, గాజు వేసి, మూత బిగించి, బొగ్గుల కొలిమిలో దించేవారు. ఒక పగలు, ఒక రాత్రి ఆగకుండా తిత్తులు ఊదేవారు. తర్వాత మూసను చల్లారనిచ్చేవారు.

ఇందులో ప్రతి మెట్టు వెనుకా ఒక మూలక ధర్మం ఉంది. శుద్ధమైన ఇనుము 1,538 డిగ్రీల సెల్సియస్ దగ్గర గానీ కరగదు. కార్బన్ చేరేకొద్దీ తక్కువ వేడికే కరుగుతుంది. కార్బన్ ఎక్కువున్న ఇనుము, తక్కువున్న ఇనుము కలిసి కరిగితే నడిమి పాళ్ల ఉక్కు వస్తుంది. మూడు, రెండు పాళ్ల లెక్కలోని కిటుకు ఇదేనని లోహ చరిత్రకారులు భావిస్తున్నారు. ఇలాంటి మూస ఉక్కులో కార్బన్ సుమారు ఒకటిన్నర శాతం ఉంటుంది. అంతకు బాగా తగ్గితే పదును నిలవదు, బాగా పెరిగితే సుత్తి దెబ్బకు పగులుతుంది.

మూస తయారీ కూడా తక్కువ విద్య కాదు. దక్కన్ మూసలను 1980లలో పరిశీలించిన అమెరికన్ పరిశోధకురాలు థెల్మా లోవ్, వాటి మట్టిలో వడ్ల ఊక కలిపిన సంగతి గుర్తించారు. ఊక కాలితే కార్బన్, సిలికా మిగులుతాయి. అవి మూసకు బలమిచ్చి, అంత సెగలోనూ పగలకుండా కాపాడతాయి. సిలికాలోని సిలికాన్‌ను స్వీడన్ రసాయన శాస్త్రజ్ఞుడు బెర్జీలియస్ వేరుచేసింది 1824లో. అప్పటికి మన కమ్మరులు అదే పదార్థానికి కొలిమిలో పని అప్పగించి చాలాకాలమైంది.

లండన్‌లో పరీక్ష

ఉక్కుకూ మెత్తని ఇనుముకూ తేడా తెచ్చేది కార్బన్ అని యూరప్‌లో స్పష్టంగా చెప్పింది 1786లో, ఫ్రెంచి శాస్త్రజ్ఞులు వాండర్‌మాండ్, బెర్తొలే, మాంజ్. మూడేళ్లకు లావోజియే తన మూలకాల పట్టికలో కార్బన్‌ను చేర్చాడు. 1795లో జార్జ్ పియర్సన్ భారతీయ ఉక్కుపై లండన్ రాయల్ సొసైటీకి వ్యాసం సమర్పించాడు. యూరప్‌లో ఈ ఉక్కును ‘వూట్జ్’ అనేవారు.

1819లో మైకేల్ ఫారడే చేతికి ఇది వచ్చింది. ఆయన కమ్మరి కొడుకు. విశ్లేషించి చూసి, దీని గొప్పతనం అల్యూమినియం, సిలికాన్‌ల వల్లనే అనుకున్నాడు. ఆ రెండింటినీ విడి మూలకాలుగా అప్పటికి ఎవరూ చూడనే లేదు. అంచనా తప్పినా వెతుకులాట వృథా కాలేదు. జేమ్స్ స్టోడార్ట్‌తో కలిసి ఫారడే ఉక్కులో వెండి, ప్లాటినం, రోడియం, క్రోమియం కలిపి చూశాడు. మిశ్రమ ఉక్కుల శాస్త్రానికి అవి తొలి అడుగులు. పారిస్ టంకశాలకు చెందిన బ్రెయాంట్ మూడు వందలకు పైగా ప్రయోగాలు చేసి, 1820లలోనే అసలు కీలకం కార్బన్ అని తేల్చాడు.

అప్పటికీ ఒక ప్రశ్న మిగిలింది. ఈ ఉక్కుతో చేసిన డమాస్కస్ కత్తుల మీద అలల గీతలు ఎలా వస్తాయి? దానికి జవాబు 1998లో అమెరికాలో దొరికింది. జాన్ వెర్‌హోవెన్, కత్తుల కమ్మరి ఆల్ఫ్రెడ్ పెండ్రే బృందం పాత కత్తులను శోధించింది. వెనేడియం వంటి మూలకాలు ఒక శాతంలో వందో వంతుకు తక్కువున్నా చాలు, ఉక్కులోని కార్బైడ్ రేణువులు వరుసలు కడతాయని చూపింది. ఖనిజం మారి ఆ మూలకాలు లేకుండా పోయినప్పుడు, చేయి తిరిగిన కమ్మరికి కూడా ఆ గీతలు రాలేదని వారి వాదన.

వెనేడియం చరిత్ర కూడా ఇనుముతో ముడిపడిందే. 1801లో మెక్సికోలో డెల్ రియో దాన్ని తొలిసారి గుర్తించి, తర్వాత తానే సందేహించి వదిలేశాడు. 1830లో స్వీడన్‌లో సెఫ్‌స్ట్రోమ్‌కు అది మళ్లీ దొరికింది. టాబెర్గ్ కొండ ఖనిజంతో చేసిన ఇనుములో దొరికింది. ఆ ఖనిజం మాగ్నటైట్. కోనసముద్రం ఉక్కుకు పేరు తెచ్చిన దిమ్మదుర్తి ఖనిజం కూడా మాగ్నటైటే. అది నిర్మల్ ప్రాంతంలో ఉంది.

పట్టికలో లేని పేర్లు

2010లో బెంగళూరులోని నేషనల్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ అడ్వాన్స్‌డ్ స్టడీస్, బ్రిటన్‌లోని ఎక్సెటర్ విశ్వవిద్యాలయం కలిసి ఉత్తర తెలంగాణలో సర్వే చేశాయి. పల్లె పల్లెనా ఇనుప చిట్టెం కుప్పలు, మూసల పెంకులు నమోదు చేశాయి. ఎస్. జైకిషన్, గిలియన్ జూలెఫ్ అందులో ముఖ్యులు.

మూలకాన్ని విడదీసి పేరు పెట్టినవాడి పేరు పుస్తకాలకెక్కింది, ఎక్కాల్సిందే. ఆ మూలకాలను పాళ్లు తప్పకుండా కలిపి, తరతరాలుగా ఒకే నాణ్యత నిలబెట్టిన కమ్మరుల పేర్లు మాత్రం ఎక్కడా రాయలేదు. వారిది గుడ్డి అలవాటు కాదు. ఏ ఊరి ఇనుము ఎన్ని పాళ్లు, ఎంత సెగ, ఎంతసేపు చల్లార్చాలి అని చూసి, సరిదిద్దుకుని నిలబెట్టిన ప్రయోగ జ్ఞానం అది.

చిట్టెం కుప్పలను రోడ్ల కిందికీ చెరువు కట్టల కిందికీ తోలకముందే హద్దులు వేసి కాపాడాలి. మూస పెంకులు జిల్లా మ్యూజియాలకు చేరాలి. జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల బడుల్లో కార్బన్ పాఠం చెప్పే రోజున వాయ్సీ రాసిన ఆ మూడు, రెండు పాళ్ల లెక్కను బోర్డు మీద రాయాలి. మూలకాల చరిత్ర దూరదేశపు ప్రయోగశాలల్లోనే కాక తమ పక్క ఊరి కొలిమిలోనూ నడిచిందని పిల్లలకు తెలియడం వారి హక్కు.