తండా ఆడబిడ్డకి భూమిలో వాటా: ఆచారం అన్నవాళ్ళే రుజువు చూపాలి



పల్నాడులో పుట్టినోళ్ళకి దాయాదుల తగాదా గురించి ఎవరూ చెప్పక్కర్లేదు. మన దాచేపల్లి మీదుగా పారే నాగులేరు ఒడ్డునే, పైన కారంపూడి దగ్గర, నలగాముడు, మలిదేవుడు రాజ్యంలో వాటా కోసం యుద్ధం చేశారు. ఆ కథలో నాగమ్మ మంత్రిగా పెత్తనం చేసింది గానీ, ఆడబిడ్డ వాటా అనే మాట ఎక్కడా రాదు.

ఇప్పుడు మన తండాల్లో, ఎరుకల, యానాది కాలనీల్లో జరిగేదీ అదే. తండ్రి పోతాడు. రెండెకరాల మిర్చి చేను అన్నదమ్ములు పంచుకుంటారు. అక్క అడిగితే "మనలో ఆడపిల్లకి భూమి ఇచ్చే ఆచారం లేదమ్మా, పెళ్ళికి పెట్టాం కదా" అంటారు. పెద్దమనుషులు తలూపుతారు. అక్కడితో అయిపోయిందనుకుంటాం. కాలేదు.

ముందు చట్టం సంగతి. 1956 హిందూ వారసత్వ చట్టం, సెక్షన్ 2(2) ప్రకారం, కేంద్రం ప్రత్యేకంగా నోటిఫై చేస్తే తప్ప షెడ్యూల్డ్ తెగలకి వర్తించదు. మన ఆంధ్ర రాష్ట్రం 1985 సెప్టెంబర్ 5 నుంచే కూతురికి ఉమ్మడి ఆస్తిలో కొడుకుతో సమాన హక్కు ఇచ్చింది. దేశం మొత్తానికి అది 2005లో గానీ రాలేదు. ఇంత ముందున్న రాష్ట్రంలో కూడా పక్క బజారు అమ్మాయికి వచ్చిన హక్కు తండా అమ్మాయి దాకా రాలేదు. గిరిజనుల ఆచారాలని గౌరవించాలని పెట్టిన మినహాయింపు అది. గౌరవం మగవాళ్ళకి దక్కింది, నష్టం ఆడవాళ్ళకి మిగిలింది.

మరి చట్టం లేనిచోట కోర్టు దేన్ని చూస్తుంది? ఇది పాత కథ. మన గుంటూరు ప్రాంతం అప్పట్లో మద్రాసు ప్రెసిడెన్సీలో ఉండేది. వాడుక స్పష్టంగా రుజువైతే అది శాస్త్ర గ్రంథం కంటే పైన అని రామనాడు కేసులో ప్రివీ కౌన్సిల్ 1868లో చెప్పింది. వారసత్వం విషయంలో మతధర్మం గానీ చట్టబలం ఉన్న ఆచారం గానీ చూడాలి, ఏదీ లేకపోతే న్యాయం, ధర్మం, మనస్సాక్షి ప్రకారం తీర్పు చెప్పాలి అని 1873 మద్రాసు సివిల్ కోర్టుల చట్టం రాసింది.

ఇక్కడ రుజువు అన్న మాటని గట్టిగా పట్టుకోవాలి. ఆచారం అంటే పాతదై ఉండాలి, తెగకుండా నడిచి ఉండాలి, ఖచ్చితంగా ఉండాలి. సుగాలీల చరిత్రే తీసుకోండి. మన తాతముత్తాతలు ఎద్దుల మీద కోస్తా ఉప్పు పైకి, పైనుంచి ధాన్యం కిందికి మోసినవాళ్ళు. రైళ్ళు, రోడ్లు వచ్చి ఆ వ్యాపారం పోయింది. తర్వాత నేరస్త జాతుల చట్టం ముద్ర మోశాం. ఎరుకలవాళ్ళు కూడా ఊరూరా ఉప్పు, కరివేపాకు అమ్ముకుంటూ తిరిగినవాళ్ళే. మనలో చాలా కుటుంబాల చేతికి పట్టా వచ్చింది రెండు మూడు తరాల కిందటే. భూమే లేని రోజుల్లో భూమి పంపకాల ఆచారం ఎక్కణ్ణుంచి వచ్చింది? పశువులు, నగలు పంచుకున్న పద్ధతి ఉందేమో, అది వేరే మాట. ఈ ప్రశ్న పంచాయితీలో అడిగిచూడండి, సమాధానం తొందరగా రాదు.

కోర్టులు ఇక్కడికి చేరడానికి చాలా ఏళ్ళు పట్టింది. 1996లో మధు కిష్వర్ కేసులో సుప్రీంకోర్టు మెజారిటీ ఆచారాన్ని కొట్టెయ్యలేదు. భూమి మీద ఆధారపడిన ఆడవాళ్ళని అక్కణ్ణుంచి వెళ్ళగొట్టొద్దని మాత్రం అంది. సమాన హక్కు ఉండాలని విడిగా రాసింది మన తెలుగు జడ్జి కె.రామస్వామి గారు. 2022 డిసెంబర్‌లో కోర్టు, చట్టం అడ్డుగా ఉందంటూనే, దాన్ని మార్చే విషయం ఆలోచించమని కేంద్రానికి చెప్పింది.

అసలు మలుపు 2025 జూలై 17న, రామ్‌చరణ్ వర్సెస్ సుఖ్‌రామ్ కేసులో. ఛత్తీస్‌గఢ్‌లో ఒక గోండు తల్లి పిల్లలు తాత ఆస్తిలో అమ్మ వాటా అడిగారు. కూతురికి వాటా ఇచ్చే ఆచారం మీరు రుజువు చెయ్యలేదని మూడు కోర్టులు కొట్టేశాయి. సుప్రీంకోర్టు దాన్ని తిరగేసింది: ఆడవాళ్ళకి లేదు అనే ఆచారం కూడా ఎవరూ రుజువు చెయ్యలేదు కదా, లేదని ముందే ఎలా అనుకుంటారు అని. న్యాయం, ధర్మం, మనస్సాక్షి, రాజ్యాంగం 14వ అధికరణం చూపి సమాన వాటా ఇచ్చింది. దావా వేసింది 1992లో. 33 ఏళ్ళు!

ఆ అక్టోబర్‌లోనే వచ్చిన ఇంకో తీర్పు హిందూ వారసత్వ చట్టం మనకి వర్తించదని మళ్ళీ చెప్పింది. కాబట్టి దావాలో ఆ చట్టం ఒక్కటే రాసుకుంటే దెబ్బతింటాం. మేం హిందూ పద్ధతులే పాటిస్తాం అనే వాదనకి 2000 నాటి ఒక సంతాల్ కేసు ఆధారం ఉంది గానీ, మా దృష్టిలో అది చివరికి పెట్టుకోవాల్సిన దారి.

దారి ఏదంటే, భాగ పంపకాల దావా. అన్నల పేరు పాస్‌బుక్‌లో ఎక్కినంత మాత్రాన హక్కు తేలినట్టు కాదు, అది తేల్చేది సివిల్ కోర్టు. దావా నడుస్తుండగా భూమి అమ్మినా కొన్నవాడు తీర్పుకి లోబడాల్సిందే. నీకు వాటా లేదని తెగేసి చెప్పిన రోజు నుంచి 12 ఏళ్ళ లోపు వెయ్యాలి, దాటితే కష్టం. ఎస్టీలకి, ఆడవాళ్ళకి ఆదాయంతో పని లేకుండా ఉచిత లాయర్‌ని ఇవ్వాలని 1987 చట్టం ఉంది, కోర్టులో న్యాయ సేవల కమిటీని అడగండి. తండాలో ఎవరైనా కూతురికి భూమి ఇచ్చిన ఉదాహరణ ఒక్కటున్నా ఆ కాగితం, ఆ ముసలాళ్ళ సాక్ష్యం ఇప్పుడే రాసిపెట్టుకోండి.

ఇంకొకటి. రిజిస్ట్రార్ ఆఫీసుకి రమ్మని, హక్కు విడుదల పత్రం మీద అక్కతో సంతకం పెట్టించే ముందు, అందులో ఏం రాసి ఉందో ఆమెకి మొత్తం చదివి వినిపించండి. మన గ్రూపులో చదువుకున్నవాళ్ళం ఇంతమందిమి ఉన్నాం, ఆ పని మనం చెయ్యొచ్చు.