పన్ను బకాయిల వసూలుపై అప్పీలు, రిట్ – గడువే కీలకం

ప్రభుత్వ పన్ను బకాయిల వసూలును సవాలు చేయు హక్కు పన్ను చెల్లింపుదారులకు కలదు. అయితే ఆ హక్కును చట్టం నిర్దేశించిన గడువులోనే వినియోగించుకొనవలెను.

వస్తు, సేవల పన్ను చట్టం, 2017లోని 107వ సెక్షన్ ప్రకారం ఉత్తర్వులు అందిన నాటి నుండి 3 నెలలలోగా అప్పీలు దాఖలు చేయవలెను. తగిన కారణం చూపినచో మరొక నెల గడువు లభించును. అంగీకరించిన మొత్తం పూర్తిగాను, వివాదంలోని పన్నులో 10 శాతమును ముందుగా చెల్లించినచో మిగిలిన మొత్తం వసూలు నిలిచిపోవును. 3 నెలలలో పన్ను చెల్లించక, అప్పీలు చేయని పక్షంలో 79వ సెక్షన్ క్రింద బ్యాంకు ఖాతాల నుండి, ఆస్తుల జప్తు ద్వారా, లేదా కలెక్టరు ద్వారా భూమిశిస్తు బకాయిగా వసూలు చేయవచ్చును.

గడువు దాటిన పిదప రిట్ పిటిషన్ ద్వారా ఉపశమనం లభించుట కష్టసాధ్యం. ఆంధ్రప్రదేశ్ విలువ ఆధారిత పన్ను చట్టం, 2005లో అప్పీలుకు 30 రోజులు, అదనంగా మరో 30 రోజులు మాత్రమే గడువు కలదు. కాకినాడ వాణిజ్య పన్నుల అధికారులకు, గ్లాక్సో స్మిత్‌క్లైన్ కన్స్యూమర్ హెల్త్‌కేర్ సంస్థకు మధ్య వివాదంలో 2017 జూన్ నాటి ఉత్తర్వులపై 2018 సెప్టెంబరులో అప్పీలు దాఖలైనది. అది తిరస్కరణకు గురికాగా ఉమ్మడి హైకోర్టు సంస్థకు ఊరట కల్పించినది. సుప్రీంకోర్టు 2020 మే 6న ఆ తీర్పును రద్దు చేసినది. చట్టపరమైన గడువును రిట్ అధికారంతో నిరర్థకం చేయరాదని స్పష్టం చేసినది.

అధికార పరిధి లేకుండా, లేదా సహజ న్యాయసూత్రాలకు విరుద్ధంగా ఉత్తర్వులు వెలువడిన సందర్భాలలో హైకోర్టును నేరుగా ఆశ్రయించవచ్చును. అట్టి సందర్భాలలోనూ జాప్యం తగదు.