ద్వివచనం, బహువచనం: ఖులా హక్కు చుట్టూ ఆధునిక ఇస్లామీయ ఆలోచన

ఇరవయ్యో శతాబ్దపు తొలి దశాబ్దాల్లో పంజాబు కోర్టుల ముందుకు ఒక బాధాకరమైన దావా పదేపదే వచ్చేది. భర్త కొట్టి హింసించేవాడో, తిండిపెట్టక వదిలేసి పోయినవాడో అయితే, ఆ ముస్లిం భార్య తాను ఇస్లాంను విడిచిపెట్టానని ప్రకటించేది. నాటి కోర్టులు అనుసరించిన హనఫీ ధర్మశాస్త్రం ప్రకారం దంపతుల్లో ఒకరు మతం విడిస్తే నికా రద్దవుతుంది. ఆ స్త్రీలలో చాలామందికి కావలసింది వేరే మతం కాదు, ఆ పెళ్ళి నుంచి విముక్తి. దానికి వాళ్ళకు కనిపించిన తలుపు అదొక్కటే.

ఇస్లాం, ఆధునికత అనగానే మన చర్చ ప్రజాస్వామ్యం, విజ్ఞానం, లౌకికరాజ్యం వంటి పెద్ద మాటలతో మొదలవుతుంది. ఒకవైపు సంస్కర్తలనూ మరోవైపు ఛాందసులనూ నిలబెట్టి, ఎవరు గెలిచారో తేల్చబోతాం. ఆ పద్ధతి ఈ విషయానికి న్యాయం చెయ్యదని ఈ వ్యాసం వాదిస్తుంది. ఆధునిక కాలంలో ఇస్లామీయ ఆలోచన తన సొంత మూలాలను నిజంగా తిరగదోడిన చోటు భార్య విడిపోయే హక్కు. అక్కడ అన్నిటికంటే సాహసమైన అడుగుల్లో ఒకటి వేసినవాడు, మనం సంస్కర్తగా లెక్కించని ఒక మౌల్వీ.

ముందు మూలవాక్యం దగ్గరికి వెళ్దాం. ఖురాన్ రెండో అధ్యాయం 229వ ఆయత్ ఈ చర్చ మొత్తానికీ కేంద్రం. దేవుడు విధించిన హద్దులను పాటించలేమని దంపతులు భయపడితే తప్ప, భార్యకు ఇచ్చినదాన్ని భర్త వెనక్కి తీసుకోకూడదని అది చెబుతుంది. ఆ వెంటనే, వాళ్ళు హద్దులను పాటించలేరని మీరు భయపడితే, ఆమె కొంత ఇచ్చి తనను తాను విడిపించుకోవడంలో ఆ ఇద్దరికీ దోషం లేదని అంటుంది. ఇలా విడిపోవడమే ఖులా. సంస్కృతం చదువుకున్న తెలుగువారికి ద్వివచనం కొత్త కాదు. అరబ్బీలోనూ అది ఉంది. ఈ ఆయత్‌లో దంపతులు భయపడడం, హద్దులు పాటించడం గురించిన క్రియలు ద్వివచనంలో నడుస్తాయి. వాటి మధ్యలో మాత్రం, ‘మీరు భయపడితే’ అన్నచోట, క్రియ బహువచనంలోకి మారుతుంది. ఆ ‘మీరు’ ఇద్దరికి మించినవాళ్ళు. ఎవరు వాళ్ళు? కుటుంబ పెద్దలా? సమాజమా? న్యాయాధికారులా? ఖులా చరిత్రలో సగం ఈ ఒక్క ప్రశ్న చుట్టూ తిరిగింది.

మిగిలిన సగం ఒక హదీసు చుట్టూ తిరిగింది. సాబిత్ బిన్ ఖైస్ భార్య ప్రవక్త దగ్గరికి వచ్చింది. భర్త నడవడిలోగాని మతనిష్ఠలోగాని లోపం లేదని చెప్పింది. అయినా అతనితో ఉండలేనంది. మెహర్‌గా, అంటే పెళ్ళి సందర్భంగా భర్త ఇచ్చే కానుకగా, పుచ్చుకున్న తోటను తిరిగి ఇస్తావా అని ప్రవక్త అడిగారు. ఆమె ఒప్పుకుంది. తోట తీసుకుని ఆమెకు తలాక్ ఇమ్మని ఆయన సాబిత్‌తో అన్నారు. ఆ మాట ఆజ్ఞా, సలహానా? మీమాంసకులు వేదవాక్యాల్లో ఏది విధి, ఏది అర్థవాదం అని తర్కించినట్టే, ఇస్లామీయ ధర్మశాస్త్రజ్ఞులూ విధ్యర్థక క్రియ ఎప్పుడు విధి అవుతుందో, ఎప్పుడు హితవు మాత్రమే అవుతుందో శతాబ్దాల పాటు తర్కించారు. అత్యధికులు ఇక్కడ హితవనే తేల్చారు. ఫలితంగా ఖులా భర్త సమ్మతితో మాత్రమే జరిగే ఒప్పందమైంది. ఖులాకు న్యాయాధికారి ప్రమేయం ఉండాలన్న హసన్ అల్ బస్రీ వంటి తొలితరం పండితుల అభిప్రాయం గ్రంథాల్లో మిగిలింది, ఆచరణలో నిలవలేదు.

అయితే ఈ కఠినత్వమంతా ప్రాచీనమేనా? కాదు. పూర్వం ఖాజీ ఉండేవాడు, హనఫీ, మాలికీ సహా నాలుగు సున్నీ సంప్రదాయాలుండేవి, ఒకదానిలో ఇరుక్కున్నవారికి మరొకదానిలో ఊరట దొరికే అవకాశముండేది. ఈస్టిండియా కంపెనీ న్యాయస్థానాలకు కావలసింది మాత్రం ఒక పుస్తకం, అందులో ఖాయమైన నియమం. హనఫీ గ్రంథం ‘హిదాయా’కు చార్లెస్ హామిల్టన్ ఇంగ్లీషు అనువాదం 1791లో వచ్చింది. దాన్నీ అలాంటి మరికొన్నింటినీ ముందు పెట్టుకుని ఇంగ్లీషు జడ్జీలు తీర్పులిచ్చారు. కోర్టుల్లో ధర్మశాస్త్రం చెప్పే మౌల్వీల కొలువులు 1864లో రద్దయ్యాయి. పండితుల మధ్య కదులుతూ ఉండిన శాస్త్రం ఆ విధంగా పుస్తకంలో గడ్డకట్టింది. పంజాబు స్త్రీ ముందు మూసుకున్న తలుపుకు గొళ్ళెం సంప్రదాయం బిగించిందన్నది సగం నిజం. మిగతా సగం వలస న్యాయవ్యవస్థ పని. ఆధునికత ఇస్లాంకు కదలిక తెచ్చిందని రాసే పాఠ్యపుస్తకాలు దీన్ని విస్మరించడం నాకు పెద్ద లోపంగా కనిపిస్తుంది.

ఈ స్త్రీల గోడును తత్వచింతనలోకి తెచ్చినవాడు ముహమ్మద్ ఇక్బాల్. మద్రాసు, హైదరాబాదు, అలీగఢ్‌లలో చేసిన ఆయన ప్రసంగాలు 1930లో పుస్తకంగా వచ్చాయి. అందులో ఆరోది ఇజ్తిహాద్ గురించి, అంటే మూలాల నుంచి స్వతంత్రంగా ధర్మనిర్ణయం చేసే ప్రయత్నం గురించి. టర్కీ పరిణామాలను చర్చిస్తూ, ఇజ్తిహాద్ చేసే అధికారం వ్యక్తుల నుంచి చట్టసభకు మారవచ్చని ఆయన ప్రతిపాదించాడు. ఆ వాదన మధ్యలో పంజాబు స్త్రీలు కనిపిస్తారు. మతాన్ని, ప్రాణాన్ని, బుద్ధిని, సంతతిని, ఆస్తిని కాపాడడమే షరీయత్ పరమార్థమని చెప్పిన అండలూసియా పండితుడు షాతిబీని ఇక్బాల్ అక్కడ సాక్ష్యానికి పిలుస్తాడు. ఒక నియమం వల్ల మనుషులు మతమే వదలవలసి వస్తుంటే అది మతాన్ని కాపాడుతున్నట్టేనా అని నిలదీస్తాడు. ప్రశ్న పదునైనది. కాని హనఫీ శాస్త్రం లోపల దానికి జవాబు కూర్చే పని ఆయన చెయ్యలేదు. అది ఆయన చదువూ కాదు.

ఆ పని చేసినవాడు అష్రఫ్ అలీ థాన్వీ (1863–1943). ‘బహిష్తీ జేవర్’ రాసిన దేవ్‌బందీ పండితుడు, తఖ్లీద్‌ను, అంటే ఒక ఇమామ్ సంప్రదాయానికే కట్టుబడడాన్ని, గట్టిగా సమర్థించినవాడు, ఆధునికవాదులంటే సరిపడనివాడు. మతం విడిచిన స్త్రీ నికా రద్దవుతుందని తానే మొదట్లో ఫత్వా ఇచ్చాడు. ఆ నియమం ఊళ్ళలో ఏం చేస్తోందో చూశాక, 1930ల తొలినాళ్ళలో ‘అల్ హీలతున్ నాజిజా’ అనే గ్రంథం వెలువరించాడు. దిక్కులేని భార్యకు పనికొచ్చే ఉపాయం అని ఆ పేరుకు స్థూలంగా అర్థం. అందులో మొదటి మాటను వెనక్కి తీసుకుని, మతం విడిచినంత మాత్రాన నికా పోదన్నాడు. అంతటితో ఆగితే ఉన్న ఒక్క తలుపునూ మూసినట్టయ్యేది. అందుకే మరికొన్ని తెరిచాడు.

ఎలా తెరిచాడో కాస్త వివరంగా చూడాలి. భర్త ఆచూకీ తెలియకపోతే, అతని ఈడువాళ్ళంతా చనిపోయేంత కాలం భార్య వేచి ఉండాలన్నది హనఫీ పాత నియమం. మాలికీ సంప్రదాయంలో ఆ గడువు నాలుగేళ్ళు. థాన్వీ మదీనాలోని మాలికీ ముఫ్తీలకు ప్రశ్నలు పంపి, వాళ్ళ జవాబులు తెప్పించుకుని, వాటి ఆధారంగా ఆ గడువును హనఫీ స్త్రీలకు వర్తింపజేశాడు. పోషించని భర్త విషయంలోనూ మాలికీ పరిష్కారమే తీసుకున్నాడు. ముస్లిం ఖాజీ లేని దేశంలో ఈ విడాకులు ఎవరివ్వాలి? యోగ్యులైన ముస్లింల బృందం ఖాజీ పని చేయవచ్చని, దానికీ మాలికీ ఆధారమే చూపాడు. పెళ్ళినాడే కొన్ని షరతులతో తలాక్ అధికారాన్ని భర్త నుంచి భార్య రాయించుకునే తఫ్వీజ్ అనే హనఫీ పద్ధతిని గుర్తు చేసి, నికా పత్రంలో ఆ షరతులు ఎలా రాసుకోవాలో చెప్పాడు. తఖ్లీద్‌ను ఆయన ఎక్కడా తోసిపుచ్చలేదు. ఇరుకున పడిన జనం కోసం ఒక ఇమామ్ నుంచి మరో ఇమామ్ వైపు నడిచాడు, ఆ నడకకు కావలసిన ప్రతి అనుమతిపత్రమూ చేతపట్టుకుని మరీ నడిచాడు. ఫత్వా ఇచ్చిన పండితుడు దాని ఫలితాన్ని కళ్ళారా చూసి, తన మాట మార్చుకుని, కారణం రాసి పెట్టడం ఏ కాలంలోనైనా అరుదే. ఈ మనిషిని ఆధునికతకు వ్యతిరేకి అన్న ఒక్క ముక్కతో వదిలేసే చరిత్ర రచనను నేను అంగీకరించలేను.

ఈ గ్రంథం చూపిన దారిలోనే ఖాజీ ముహమ్మద్ అహ్మద్ కాజ్మీ 1936లో కేంద్ర శాసనసభలో బిల్లు పెట్టాడు. అది 1939 ముస్లిం వివాహ రద్దు చట్టమైంది. నాలుగేళ్ళు ఆచూకీ లేకపోవడం, రెండేళ్ళు పోషణ ఇవ్వకపోవడం, ఏడేళ్ళు లేదా అంతకు మించిన జైలుశిక్ష, క్రూరత్వం వంటివి విడాకులకు కారణాలయ్యాయి. మతం విడిచినంత మాత్రాన ముస్లిం స్త్రీ పెళ్ళి రద్దు కాదని నాలుగో సెక్షన్ చెప్పింది. కాని తీర్పు చెప్పేవాడు ముస్లిం జడ్జి కావాలన్న నిబంధన తుది రూపంలో పోయింది. ఉలేమాకు, అంటే మత పండితులకు, అది మింగుడు పడలేదు. చట్టసభ ఇజ్తిహాద్ చేస్తుందన్న ఇక్బాల్ ఊహా, పండితుడి ఫత్వా, వలస పాలకుల చట్టం మూడూ ఒక కాగితం మీద కలిశాయి, ఎవరికీ పూర్తి తృప్తి లేకుండా.

చట్టంలో చెప్పిన కారణాలేవీ లేక, సాబిత్ భార్య లాగా ‘ఉండలేను’ అని మాత్రమే అనే స్త్రీ మాటేమిటి? ఆమెను 1939 చట్టం పట్టించుకోలేదు. 1930లలో హైదరాబాదు నుంచి ‘తర్జుమానుల్ ఖురాన్’ పత్రిక నడిపిన మౌదూదీ, భార్యాభర్తల హక్కులపై రాసిన గ్రంథంలో, ఖులా స్త్రీ హక్కేనని, దాన్ని ఖాజీ అమలు చేయించగలడని వాదించాడు. రాజకీయంగా ఆయన ఇస్లామీయ రాజ్యవాదం దారిన పోయాడు. ఈ విషయంలో ఆయన నిలబడింది మాత్రం స్త్రీ పక్షాన. దేశవిభజన తర్వాత లాహోర్ హైకోర్టు 1952లో ఖులాకు భర్త సమ్మతి కావాలన్న పాత నియమాన్నే నిలబెట్టింది. 1959లో బిల్కీస్ ఫాతిమా కేసులో అదే కోర్టు మాట మార్చింది. 229వ ఆయత్‌లోని ఆ బహువచనం న్యాయాధికారులనే ఉద్దేశించిందని, హద్దులు నిలవవని భయపడవలసింది వాళ్ళేనని, అందువల్ల భర్త ఒప్పుకోకపోయినా కోర్టు ఖులా ఇవ్వవచ్చని జడ్జీలు తేల్చారు. పాకిస్తాన్ సుప్రీంకోర్టు 1967లో ఖుర్షీద్ బీబీ కేసులో దీన్ని ఖాయం చేసింది. ఈజిప్టు ఇదే గమ్యానికి శాసనం ద్వారా చేరింది. 2000 నాటి ఒకటో నంబరు చట్టం, మెహర్ తిరిగిచ్చి ఆర్థిక హక్కులు వదులుకున్న భార్యకు భర్త సమ్మతి లేకుండానే ఖులా ఇచ్చింది. అల్ అజ్హర్ ధార్మిక విద్యాపీఠం అధిపతి తంతావీ దాన్ని సమర్థించాడు.

దీన్ని విజయంగా చెప్పి ముగిస్తే రెండు గట్టి విమర్శలకు జవాబు చెప్పనట్టవుతుంది. ఫజ్లుర్ రహ్మాన్ (1919–1988) పాకిస్తాన్‌లో ఇస్లామీయ పరిశోధన సంస్థకు అధిపతిగా ఉండి, తన రచనలపై రేగిన అలజడికి 1968లో పదవి వదిలి, చికాగోలో స్థిరపడ్డాడు. ఆయత్‌లను విడివిడిగా తెంచి వాడుకోవడం పద్ధతే కాదన్నది ఆయన 1982లో వెలువరించిన ‘ఇస్లాం, ఆధునికత’ గ్రంథం సారాంశం. ముందు ఆయత్ వెలసిన నాటి పరిస్థితికి వెళ్ళి దాని నైతిక లక్ష్యం గ్రహించాలి. ఆ లక్ష్యంతో నేటికి తిరిగి వచ్చి నియమం కట్టుకోవాలి. ఆ లెక్కన థాన్వీ మాలికీ గడువు అరువు తేవడం అతుకుల పనే అవుతుంది. రెండో విమర్శ ఇస్లామీయ ధర్మశాస్త్ర పరిశోధకురాలు కేషియా అలీది. పెళ్ళిని భర్త అధికారంగా భావించిన తొలినాటి శాస్త్రజ్ఞుల చట్రాన్ని కదపకుండా దాని లోపల సర్దుబాట్లు చేసుకుంటే సరిపోదంటారామె. నిజమే: పురుషుడు కారణం చెప్పకుండా తలాక్ ఇవ్వగలడు, స్త్రీ మాత్రం మెహర్ వదులుకుని బయటికి రావాలి. తిరిగి ఇవ్వడానికి తోట లేని స్త్రీ ఏం ఇస్తుంది? ఈజిప్టు చట్టం మీద వచ్చిన ప్రధాన ఫిర్యాదు కూడా ఇదే.

ఈ విమర్శలను ఒప్పుకుంటూనే ఒక మాట చెప్పాలి. ఫజ్లుర్ రహ్మాన్ పద్ధతి మేధాపరంగా ఎక్కువ పొందికైనది. థాన్వీ అతుకు ఎక్కువ మంది స్త్రీలకు చేరింది. నమ్మే సమాజం తన పండితుల నోట విన్న వాదనను నెమ్మదిగానైనా తనదిగా చేసుకుంటుంది. బయటి నుంచి వచ్చిన మాట అదే అయినా, దాన్ని తన ఉనికి మీద దాడిగా చూస్తుంది. మన దేశంలో విడాకులు పొందిన ముస్లిం స్త్రీకి భరణం ఇవ్వాలన్న 1985 షాబానో తీర్పు తర్వాత జరిగినదంతా దీనికి సాక్ష్యం.

భారతదేశంలో ఖులా తీర్పులు ఆలస్యంగా వచ్చాయి. కేరళ హైకోర్టు 2021లో, భర్త సమ్మతి లేకుండా భార్య ఖులా తీసుకోవచ్చని అంగీకరించి 1972 నాటి తన పాత తీర్పును పక్కన పెట్టింది. 2025 జూన్‌లో తెలంగాణ హైకోర్టు అదే దారిన నడిచింది. ఖులా కోరే హక్కు భార్యకు సంపూర్ణంగా ఉందని, భర్త మెహర్ వాపసు గురించి మాట్లాడుకోవచ్చే తప్ప నిరాకరించలేడని, ముఫ్తీ ఇచ్చేది సలహా మాత్రమేనని చెప్పింది. ఆ తీర్పూ 229వ ఆయత్ దగ్గరికే వెళ్ళింది.

ఈ చర్చ అరబ్బీలో, ఉర్దూలో, ఇంగ్లీషులో సాగింది. తెలుగే ఇంటిభాషగా ఉన్న దూదేకుల కుటుంబాలకు, కోస్తా, రాయలసీమ, తెలంగాణ పల్లెల్లోని ముస్లిం స్త్రీలకు అది వాళ్ళ భాషలో చేరాలి. తీర్పు కోసం కోర్టుదాకా వెళ్ళలేనివారికి థాన్వీ చెప్పిన ఉపాయం నేటికీ చేతిలో ఉంది. ఆడపిల్లల తల్లిదండ్రులకు, ఖాజీలకు నా విన్నపం ఒక్కటే: నికానామా మీద సంతకాలు పడకముందే తఫ్వీజ్ షరతు అందులో ఉందో లేదో చూడండి, లేకపోతే రాయించండి.